తరిమెల నాగిరెడ్డి మన మదనపల్లె దగ్గర చదివారా?

ప్రశ్న (తిరుపతి నుంచి)
అందరికీ నమస్కారం. మా తాత పోయాక ఆయన ఇనప పెట్టె సర్దుతుంటే పాత పేపర్ కటింగ్ ఒకటి దొరికింది. మడతల దగ్గర చిరిగింది కానీ నాగిరెడ్డి ఫోటో మాత్రం బాగానే ఉంది. వెనక పెన్సిల్‌తో తాత చేతిరాత, 'మన మదనపల్లె దగ్గరే చదివినాడు' అని. నాగిరెడ్డిది అనంతపురం జిల్లా కదా, ఇక్కడ చదవడమేంటి? అంత ఆస్తి ఉన్న ఇంట్లో పుట్టి కమ్యూనిస్టు ఎట్లయినారు?

జవాబు (మదనపల్లె నుంచి)
మీ తాత రాసింది నిజమే తమ్ముడూ. 1917లో తరిమెలలో పుట్టారు, పెద్ద భూస్వామి కుటుంబం. చదివింది రిషివ్యాలీలో. మా ఊళ్లో పుట్టిన జిడ్డు కృష్ణమూర్తి పెట్టించిన బడి అది, కురబలకోట వైపు పోతే గుట్టల మధ్య ఉంటుంది. ఎవరు చెప్పినా సరే, నిజమా కాదా అని నువ్వే చూసుకో అనేది కృష్ణమూర్తి మాట. నాగిరెడ్డికి ప్రశ్నించే అలవాటు అక్కడే మొదలైందని నా నమ్మకం.

జవాబు (చిత్తూరు నుంచి)
బడిని తక్కువ చేయను గానీ అన్నా, అక్కడ చదివినోళ్లంతా కమ్యూనిస్టులు కాలేదు కదా. తర్వాత మద్రాసు లయోలా, అక్కడి నుంచి బెనారస్ హిందూ యూనివర్సిటీ. 1930లలో కాలేజీలన్నీ స్వాతంత్ర్య పోరాటంతో, సోషలిజం చర్చలతో ఉడుకుతున్న రోజులు, అసలు మలుపు అదే అనుకుంటాను. 1940లో, యుద్ధం జనం బతుకు మీద, ధరల మీద ఏం చేస్తుందో చెప్తూ చిన్న పుస్తకం రాస్తే బ్రిటిష్ ప్రభుత్వం జైల్లో పెట్టింది. ఇంట్లో కూర్చుని తిన్నా తరగని ఆస్తి ఉన్న మనిషి అప్పటికి ఇరవై మూడేళ్లవాడు, అది తలచుకుంటే నాకు ఇప్పటికీ ఒళ్లు జలదరిస్తుంది.
1952 ఎన్నికల్లో అనంతపురంలో ఆయన ఓడించింది ఎవరినో తెలుసా? సొంత బావ నీలం సంజీవరెడ్డిని! ఆ బావే 1956లో ఆంధ్రప్రదేశ్ తొలి ముఖ్యమంత్రి, తర్వాత రాష్ట్రపతి. ఈయనేమో 1957లో ఎంపీ అయి, తర్వాత మళ్లీ ఎమ్మెల్యే అయి కూడా, 1969లో అసెంబ్లీకి రాజీనామా ఇచ్చి విప్లవ దారి పట్టారు. 1976 జూలై 28న, ఎమర్జెన్సీలో, అజ్ఞాతంలోనే పోయారు.

ప్రశ్న అడిగినవారు
చాలా థ్యాంక్స్ అన్నా, సార్. కటింగ్‌లో తేదీ ఉండాల్సిన మూల చిరిగిపోయింది, అప్పటిదేనేమో. లామినేషన్ చేయిస్తే వెనక పెన్సిల్ రాత చెరిగిపోతుందా? ఎవరైనా చేయించి ఉంటే చెప్పండి.