మిరపకాయలో ‘జరాయువు’ ఉంటుందా? ప్లాసెంటాకి తెలుగు మాట ఏది?

మిద్దెతోట_యలహంక:
బెంగళూరులో మిద్దెల మీద కూరగాయలు పెంచే తెలుగువాళ్ల కోసం మిరప మీద రెండు పేజీల కరపత్రం సిద్ధమవుతోంది. అందులో నిలువుగా చీల్చిన పచ్చిమిరపకాయ బొమ్మ ఒకటి ఉంది. తొడిమ, తోలు, గింజ, అన్నిటికీ బాణాలు వేసి పేర్లు రాయడం అయిపోయింది. గింజలు అంటుకుని ఉండే ఆ నడిమి తెల్లటి మెత్తటి భాగం దగ్గరే పేచీ వచ్చింది. ఇంగ్లీషు మూలంలో ప్లాసెంటా అని ఉంది. మాలో ఒకరు కాన్పులో పడే మాయకి పుస్తకాల్లో వాడే ‘జరాయువు’ అన్నారు, ఒకరు ‘అండన్యాస స్థానం’ అన్నారు. ఇంకొకరు ఏకంగా ‘మాయ’ అని రాసేశారు. దాంతో వాక్యం ఇలా తయారైంది: “మిరపకాయ కారమంతా మాయలోనే ఉంటుంది.” చదివినవాళ్లు వేదాంతం అనుకుంటారేమో! ఏది ఖాయం చేయమంటారు?

ఫలదళం:
జరాయువు అనే రాయండి. సందేహం అక్కర్లేదు. ప్లాసెంటా అన్న మాటని వైద్యులూ వృక్షశాస్త్రవేత్తలూ ఇద్దరూ వాడుతున్నారు, మనమూ అలాగే వాడాలి. పని ఒకటే కదా: పెరిగే పిల్లని తల్లికి అంటిపెట్టి ఉంచడం, తిండి అందించడం. ఫలదళంలోంచి, అంటే పువ్వులో కాయగా మారే భాగంలోంచి, వచ్చే నాళాలు ఈ భాగం గుండానే అండవృంతం అనే సన్నటి కాడలోకి, అక్కణ్ణించి గింజ కాబోయే అండంలోకి వెళతాయి. అండవృంతం అంటే బొడ్డుతాడు అనుకోండి, గింజ మీద మిగిలే మచ్చ బొడ్డు. పోలిక ఇంత చక్కగా కుదిరాక వేరే మాట ఎందుకు? పైగా మనిషిలోనూ ‘అండాశయం’ అంటాం, పువ్వులోనూ ‘అండాశయం’ అంటాం. దానికి లేని అభ్యంతరం దీనికెందుకు?

పశువైద్యం_హెబ్బాళ:
ఫలదళం గారూ, పోలిక బాగుంది కానీ సరిగ్గా కీలకమైన చోటే అతకడం లేదు.

మొదటిది, ఆ కణజాలం ఎవరిది? మిరపలో ఆ తెల్ల భాగం పూర్తిగా తల్లి మొక్కది, ఫలదళం అంచుల నుంచి వచ్చింది. మనిషిలో, ఆవులో మాయ ప్రధానంగా పిల్ల వైపు కణజాలం. పిండం చుట్టూ ఏర్పడే పరాయువు అనే పొర తల్లి గర్భాశయం లోపలి పొరతో కలిసి దాన్ని తయారుచేస్తుంది. అంటే ఒకచోట తల్లి శరీరమే పిల్లని పట్టుకుంటోంది, ఇంకోచోట పిల్ల వెళ్లి తల్లిని పట్టుకుంటోంది. దిశే తిరగబడింది.

రెండోది, మాట అర్థం. జరాయువు అంటే శుష్కించి విడిపోయేది. సంస్కృతంలో పాము కుబుసానికీ ఇదే మాట ఉంది. కాన్పు తర్వాత బయటపడుతుంది కాబట్టే మాయకి ఆ పేరు అతికింది. ఆవు ఈనాక మాయ సాధారణంగా 12 గంటల లోపు పడిపోవాలి. పడకపోతే ఏం చేస్తారో అందరికీ తెలుసు: చేత్తో లాగడం, బరువు కట్టడం. రెండూ తప్పే. ఆవు మాయ గర్భాశయానికి ఒకే చోట కాదు, సుమారు 80 నుంచి 120 బొత్తాల్లాంటి చోట్ల అతుక్కుని ఉంటుంది. ఆ బొత్తాలు వదలకముందే లాగితే మాయ తెగి ముక్కలు లోపలే ఉండిపోతాయి, గర్భాశయం చిట్లుతుంది, చీము పడుతుంది. పాడిరైతుకి ఆ మాట వినగానే ఇదంతా కళ్ల ముందుకు వస్తుంది. మిరపకాయలో రాలేదీ పడేదీ ఏముంది?

ఫలదళం:
వ్యుత్పత్తితో అర్థాలు తేలవండీ. లాటిన్‌లో ప్లాసెంటా అంటే బల్లపరుపు రొట్టె. రోమన్ రచయిత కేటో రాసిపెట్టిన ఆ వంటకం తయారీ కూడా ఉంది, పిండి పొరల మధ్య గొర్రెపాల చీజూ తేనే పెట్టి కాల్చేది. 1559లో ఇటలీ శరీరశాస్త్రవేత్త రియాల్డో కొలంబో ఆ మాటని మనిషి మాయకి పెట్టింది ఆకారం చూసి. గుండ్రంగా, 2, 3 సెంటీమీటర్ల మందంలో, అడ్డంగా ఓ 20 సెంటీమీటర్లు. మిరపకాయలోది రొట్టెలా ఉందా? లేదు. అయినా వృక్షశాస్త్రం ఆ మాటని తీసుకుంది. పేరు ఒకసారి స్థిరపడ్డాక దాని పుట్టుక అడ్డం రాదు.

పదాలపిచ్చి:
ఇంగ్లీషువాడికి ప్లాసెంటా అంటే రొట్టె అని గుర్తుండదు కాబట్టి వాడికి అడ్డం రాలేదు. మనకి ‘జరాయుజం’ ఇంకా బతికే ఉందే! మాయతో పుట్టే జరాయుజాలు, గుడ్డులోంచి పుట్టే అండజాలు, చెమటలోంచి పుడతాయనుకున్న స్వేదజాలు, ఉద్భిజ్జాలు అని జీవులకి నాలుగు తెగలు. మొక్కలు ఉద్భిజ్జాలు, భూమిని చీల్చుకుని పుట్టేవి. జరాయువు ఉండటమన్నదే మొదటి తెగని మిగతావాటి నుంచి వేరుచేసే గుర్తు. ఆ మాటని తీసుకెళ్లి ఉద్భిజ్జం కడుపులో పెడితే మన వర్గీకరణని మనమే చెరిపేసినట్టు.

అండాశయం సంగతికొస్తే, ఆ ఉదాహరణ ఫలదళం గారికే ఎదురు తిరుగుతుంది. మనిషి ‘అండం’ ఒక్క కణం. మొక్కలో మనం ‘అండం’ అంటున్నది కవచాలూ లోపలి కణజాలమూ అన్నీ ఉన్న బుల్లి నిర్మాణం. దాని లోపల స్త్రీబీజకణం వేరే ఉంటుంది. ఈ రెంటికీ ఒకే మాట వాడబట్టే ఇంటర్ పిల్లలు “అండం ఫలదీకరణ చెంది సంయుక్తబీజం అవుతుంది” అని రాసి మార్కులు పోగొట్టుకుంటారు. అండం అయ్యేది విత్తనం, సంయుక్తబీజం అయ్యేది స్త్రీబీజకణం. ఒక తప్పు ఇప్పటికే పాతుకుపోయిందని రెండోది నాటుతామా?

లేబర్‌రూమ్_జయనగర్:
ఇద్దరూ సంస్కృతంలో కొట్టుకుంటున్నారు. కాన్పు గదిలో ‘జరాయువు’ అంటే ఎవరికీ అర్థం కాదు. “మాయ పడిందా?”, “మాయ కిందికి ఉంది, పూర్తిగా రెస్ట్ తీసుకోవాలి”, ఇంతే. ఉమ్మనీరు, బొడ్డుతాడు, మాయ. ఈ మూడు మాటలకీ డిక్షనరీ అక్కర్లేదు.

ఒకే ఇంగ్లీషు మాటకి రెండు శాస్త్రాల్లోనూ ఒకే తెలుగు మాట ఉండాలనేవాళ్లకి ఒక చిన్న పరీక్ష. కోటిలిడన్ అంటే మొక్కల్లో బీజదళం. శనగగింజ పైపొర తీస్తే రెండు బద్దలుగా విడేది అదే. కానీ మాయకి తల్లి వైపు తలం మీద కనిపించే 15, 20 గడ్డల్ని కూడా కోటిలిడన్లే అంటారు. నర్సులకిచ్చే సూచనల కాగితాన్ని యంత్రానువాదానికి వేస్తే “మాయలో బీజదళాలు అన్నీ ఉన్నాయో లేదో సరిచూడండి” అని వస్తుంది. నవ్వులాట కాదు ఇది. ఆ వాక్యం చెప్పాల్సింది ఏంటంటే:

మాయని బొడ్డుతాడు పట్టుకుని ఎత్తితే పొరలు సంచిలా వేలాడతాయి. బిడ్డ బయటికి వచ్చిన చిరుగు ఒక్కటే ఉండాలి. తర్వాత తల్లి వైపు తలం పైకి వచ్చేలా ట్రేలో పరిచి, గడ్డకట్టిన రక్తం తుడిచి, మాయ మీది గడ్డల్ని అంచులు కలిసేలా దగ్గరికి చేర్చాలి. ఎక్కడైనా గుంటలా ఖాళీ కనిపిస్తే ఒక గడ్డ లోపలే ఉండిపోయిందని అర్థం, రక్తస్రావం ఆగదు. పొరల అంచుదాకా రక్తనాళం వెళ్లి అక్కడ హఠాత్తుగా తెగినట్టుంటే, పక్కన ఇంకో చిన్న మాయ విడిగా ఉండి లోపల మిగిలిపోయిందేమో అనుమానించాలి. ఆఖరున బొడ్డుతాడు కోసిన చోట రంధ్రాలు లెక్కపెట్టాలి: రెండు ధమనులు, ఒక సిర.

ఇక్కడ ‘బీజదళం’ అని రాస్తే నర్సు దేన్ని వెతకాలి? అందుకే ‘గడ్డలు’, కాస్త పుస్తకభాష కావాలంటే ‘లంబికలు’. అనువాదకులు ఇప్పటికే ఆ మాటని రెండుగా చీల్చారు, ఆకాశం ఊడిపడలేదు. ప్లాసెంటాని చీల్చడానికి మాత్రం భయమెందుకు?

హోసకోటె_గడప:
పక్కనుంచి ఒక మాట. ఈ చుట్టుపక్కల పాలు పోసే తెలుగు ఇళ్లలో ఆవు మాయని కన్నడం కలిపి ‘కస’ అంటారు, “కస బిద్దిల్ల” అంటే మాయ పడలేదని. కన్నడంలో కస అంటే చెత్త కూడా. పుస్తకాల్లో అయితే వాళ్లకీ జరాయువే. మీ కరపత్రం యలహంకలో పంచేటట్టయితే ఇదీ గుర్తుంచుకోండి.

మిద్దెతోట_యలహంక:
కస మాత్రం రాయం లెండి. సరే, ‘తెల్ల గుంజు’ అని రాసేస్తే? గుమ్మడికాయ గుంజు అంటాం కదా. ఇంకో సంగతి, అసలు కారం అక్కడే ఉందని ఖాయమేనా? మా సభ్యుల్లో సగం మంది గింజల్లోనే అంటున్నారు.

ఫలదళం:
కారం సంగతి ఖాయం. కారాన్నిచ్చే కాప్సైసిన్ తయారయ్యేది ఆ తెల్ల భాగం పైపొర కణాల్లో. గింజ దాన్ని తయారుచేయదు; ఆనుకుని ఉంటుంది కాబట్టి నూనె అంటుకుంటుంది, అంతే. కావాలంటే మీరే చూడొచ్చు, బ్లేడు, 10 రెట్లు చూపించే భూతద్దం ఉంటే చాలు.

బాగా ముదిరిన పచ్చిమిరపకాయ తీసుకోండి. పూత నిలిచిన సుమారు 20 రోజులకి గానీ కారం చేరడం మొదలవదు, కాబట్టి పిందెతో ప్రయోగం చేస్తే ఏమీ తేలదు. చేతికి గ్లౌజు వేసుకుని, తొడిమ నుంచి కొనదాకా పక్కగా ఒక గాటు పెట్టి పుస్తకంలా తెరవండి. నిలువునా నడిమికి కోస్తే బ్లేడు ఆ తెల్ల భాగాన్నే చీల్చి నూనెని తోలు మీదా గింజల మీదా పూసేస్తుంది. “కారం అన్నిచోట్లా ఉంది” అనే తప్పుడు ఫలితం అక్కడే పుడుతుంది. వెలుతురు పక్కనుంచి పడేలా పెట్టి చూస్తే తెల్ల భాగం మీద సన్నటి పొక్కులు, కొన్నిట్లో పసుపురంగు చుక్కలు కనిపిస్తాయి. కారం అక్కడ ఉంది. అదే క్యాప్సికం, ఇక్కడి సంతల్లో దొణ్ణె మెణసినకాయి అంటారు చూడండి, దాన్ని తెరిస్తే ఆ భాగం లావుగానే ఉంటుంది, పొక్కులు మాత్రం ఉండవు. ఎండుమిరపతో చేయకండి, ఎండేటప్పుడే పొక్కులు పగిలి అంతటా పాకిపోతాయి. ఒక మినహాయింపు: భూత్ జొలోకియా లాంటి విపరీతమైన కారం రకాల్లో తోలు లోపలి వైపున కూడా పొక్కులుంటాయి.

చేతికి అంటితే నీళ్లు పోసి లాభం లేదు, కాప్సైసిన్ నీళ్లలో కరగదు. ముందు వంటనూనె రాసి తుడిచి, తర్వాత సబ్బు.

ఇక ‘తెల్ల గుంజు’. మిరపకి సరిపోతుంది. టమాటాకి ఏం చేస్తారు? అందులో గింజల చుట్టూ ఉండే జారుడు గుజ్జు ప్లాసెంటా నుంచే వస్తుంది. అది తెలుపూ కాదు, గుంజూ కాదు. ఆవాల కాయలో అది పక్కగోడల వెంట సన్నటి గీత. బఠాణీలో కాయ ఒక అంచు వెంబడి నడిచే తాడు. పొద్దుతిరుగుడులో అడుగున ఒక చుక్క. ఒక్కోదానికీ ఒక్కో ఇంటి పేరు పెడితే పిల్లవాడికి ఇవన్నీ ఒకటే అని ఎలా తెలుస్తుంది? శాస్త్రపదం ఉన్నది అందుకే.

పదాలపిచ్చి:
ఇది మాత్రం ఒప్పుకోవాల్సిన మాట. కానీ ఆ పని చేసే మాట మనకి ఇప్పటికే ఉంది కదా! అండాలు అమరే తీరుని ‘అండన్యాసం’ అని ఇంటర్ పుస్తకంలోనే చదువుతాం: ఉపాంత, కుడ్య, స్తంభ, స్వేచ్ఛాకేంద్ర, పీఠ అని రకాలు. ఒక్కదాంట్లోనూ జరాయువు ప్రసక్తి లేదు. ఆ ‘న్యాసం’ జరిగే చోటు అండన్యాస స్థానం. పొడుగ్గా ఉందంటారు, నిజమే, కానీ అర్థం అందులోనే ఉంది. ‘జరాయువు’ పొట్టిదే, అయితే చదివేవాణ్ణి తీసుకెళ్లి కాన్పు గదిలో దింపుతుంది.

పశువైద్యం_హెబ్బాళ:
మిరపని మధ్యలో అడ్డంగా కోస్తే పిల్లలు ఏ న్యాసమని రాయాలి? అదొక చిక్కు ఉందనుకుంటా.

ఫలదళం:
ఉంది. తొడిమ దగ్గర అడ్డంగా కోస్తే అడ్డుగోడ పూర్తిగా ఉండి రెండు గదులు కనిపిస్తాయి, స్తంభ అండన్యాసం. కొన వైపు కోస్తే గోడ మధ్యలో కలవదు, ఒకే గది, గింజలు పక్కల్ని పట్టుకుని ఉన్నట్టుంటాయి, కుడ్యంలా. అందుకే ఒక్క కోతతో తేల్చకూడదు. తొడిమ దగ్గర, నడుమ, కొన దగ్గర మూడు చక్రాలు కోసి వరసగా పెట్టి చూడాలి. పేరు పెట్టేది తొడిమ వైపు చక్రాన్ని బట్టి.

జరాయువు మీద నా అభిప్రాయం మారలేదు. పై చదువులకి వెళ్లినవాడు ఎలాగూ ప్లాసెంటా అనే చదువుతాడు, వాడికి రెంటికీ ఒకే మాట అని ముందే తెలిసి ఉండటం మంచిది. కరపత్రం విషయంలో పట్టుబట్టను.

లేబర్‌రూమ్_జయనగర్:
అయితే ‘ప్లాసెంటా’ అనే తెలుగు లిపిలో రాసేయండి! క్యాప్సికం అంటున్నాం, టమాటా అంటున్నాం.

పదాలపిచ్చి:
బెంగళూరు మహిళలకి ఆ మాట వినగానే స్కానింగ్ రిపోర్టే గుర్తొస్తుంది. మాయ అన్నదానికీ దీనికీ తేడా ఏముంది?

మిద్దెతోట_యలహంక:
ఇలా ఖాయం చేశాం. బొమ్మలో బాణం పక్కన: “గింజలు అంటుకునే తెల్ల గుంజు”. కింద చిన్న అక్షరాల్లో: “వృక్షశాస్త్రంలో అండన్యాస స్థానం, ప్లాసెంటా అని కూడా అంటారు.” వాక్యం: “కారం పుట్టేది గింజల్లో కాదు, గింజల్ని పట్టుకుని ఉండే తెల్ల గుంజులో. కారం తగ్గాలంటే గింజలు దులిపితే చాలదు, ఆ గుంజుని చెంచా అంచుతో గీకి తీసేయాలి.” అచ్చుకి వెళ్లేది ఎల్లుండి.

ఫలదళం:
బాణం కొన ఎక్కడ పెట్టారో ఒకసారి చూడండి. మీరు పెట్టిన బొమ్మలో అది తోలు లోపలి నరం మీదకి వెళ్లింది. కొంచెం కుడికి, తొడిమ కిందే గింజలు ఒత్తుగా ఉన్న ఉబ్బు మీద పెట్టాలి.