కెర్బ్ లేని మట్టి ట్రాక్‌కి 36.50 రేడియస్ సరిపోతుందా?

గ్రౌండ్_మార్కింగ్ (ప్రశ్న)

యూనివర్సిటీ గ్రౌండు 185 × 100 మీటర్లు. అడుగున నల్లరేగడి, పైన మొరం పోసి రోలర్ తొక్కించిన నేల. ఇంటర్ కాలేజియేట్ అథ్లెటిక్స్‌కి 8 లేన్లతో 400 మీటర్ల ట్రాక్ గీయాలి. లోపలి అంచుకి సిమెంటు గట్టు లేదు, అల్యూమినియం కెర్బ్ (అంచు పట్టీ) కూడా లేదు. ముగ్గుపిండి గీతే. పుస్తకంలో ఉన్నట్టు వంపు రేడియస్ 36.50, స్ట్రెయిట్ (తిన్నగా ఉండే భాగం) 84.39 మీటర్లు పెట్టేస్తే చాలా? స్టాగర్లు (బయటి లేన్ల స్టార్ట్‌ని ముందుకి జరిపే దూరాలు) 7.04, 14.70, 22.37 వరసలోనే వాడొచ్చా? చేతిలో 50 మీటర్ల ఫైబర్ టేపు, నైలాన్ తాడు ఉన్నాయి.

లేన్_ఒకటి

చాలదు సార్. ట్రాక్ పొట్టిదైపోతుంది. 36.50 అన్నది కెర్బ్ ఉన్న ట్రాక్ లెక్క. కెర్బ్ ఉంటే మొదటి లేన్ పొడవుని ఆ కెర్బ్ బయటి అంచుకి 30 సెం.మీ. అవతల కొలుస్తారు. అంటే 36.80 రేడియస్ మీద రెండు వంపులు కలిసి 231.22, రెండు స్ట్రెయిట్లు 168.78, మొత్తం 400. ఉత్త గీతే ఉన్నప్పుడు కొలత 20 సెం.మీ. దగ్గరే. అప్పుడు 36.70 మీద వంపులు 230.59కి పడిపోతాయి, రౌండు 399.37 అవుతుంది. 63 సెం.మీ. తక్కువ! నిబంధనల్లో ట్రాక్ 4 సెం.మీ. దాకా ఎక్కువ ఉండొచ్చు గానీ, ఒక్క సెంటీమీటరు కూడా తగ్గకూడదు.

మీరు 36.60 పెట్టండి. అది గీతకి బయటి అంచు, అంటే లేన్ వైపు అంచు. 5 సెం.మీ. గీత మందం లోపలికి, 36.55 నుంచి 36.60 మధ్య పడాలి. మిగతా గీతలు దీనికి తిరగబడతాయి: లేన్ వెడల్పు 1.22లోనే కుడి చేతి వైపు గీత కలిసి ఉంటుంది. ఇక్కడ పొరపాటు పడితే ఒక్కో లేన్‌కి 5 సెం.మీ. చొప్పున పెరుగుతూ ఎనిమిదో లేన్ ఎక్కడో తేలుతుంది.

స్టాగర్లు కూడా మారతాయి. 7.04 రావడానికి కారణం మొదటి లేన్‌ని 30 దగ్గర, రెండో లేన్‌ని 20 దగ్గర కొలవడమే. మీకు అన్నీ 20 దగ్గరే కాబట్టి ప్రతి లేన్‌కీ ఒకే పెరుగుదల, 7.67 (1.22 × 2 × 3.1416). వరసగా 7.67, 15.33, 23.00, 30.66, 38.33, 45.99, 53.66. 200 మీటర్లకి ఇందులో సగం. పాత పట్టిక వాడితే మొదటి లేన్ తప్ప మిగతా ఏడు లేన్ల వాళ్లూ 63 సెం.మీ. ఎక్కువ పరుగెత్తాల్సి వస్తుంది.

స్థలానికి ఢోకా లేదు. 8 లేన్లతో 177.11 × 92.72 అవుతుంది, చుట్టూ మీటరు ఖాళీ వదిలినా పడుతుంది.

పెగ్గు_తాడు

పైన చెప్పిన లెక్క అక్షరాలా నిజం. ఇక గీసే పని గురించి.

నైలాన్ తాడు పక్కన పెట్టేయండి. సాగుతుంది. రేడియస్‌లో 5 సెం.మీ. తేడా వస్తే రౌండులో 31 సెం.మీ. తేడా. సన్నటి స్టీలు వైరు గానీ స్టీలు టేపు గానీ వాడండి. ప్రతి వంపు సెంటర్లో ఇనప పైపు కాంక్రీటులో పాతి, దాని చుట్టూ వదులుగా తిరిగే రింగుకి వైరు కట్టండి. నేరుగా పైపుకే కడితే తిరుగుతున్నకొద్దీ చుట్టుకుని రేడియస్ తగ్గుతూ పోతుంది. రింగు మందం కూడా కలుపుకొని పైపు మధ్య నుంచి కొలవాలి. ఆ రెండు పైపులు నేల మట్టానికి ఉంచి మూత పెడితే వచ్చే ఏడు పని సగం అయిపోయినట్టే.

ముందు రెండు స్ట్రెయిట్ల మధ్య దీర్ఘచతురస్రం సరిచూసుకోండి: పొడవు 84.39, వెడల్పు 73.20. రెండు కర్ణాలూ 111.71 రావాలి. రెండూ సమానం కాకపోతే ఎక్కడో మూల వంకర. అది సరయ్యేదాకా ముగ్గు డబ్బా ముట్టుకోవద్దు.

స్టీలు టేపు 20 డిగ్రీల దగ్గర సరిగ్గా ఉండేట్టు చేస్తారు. 40 డిగ్రీలకి 50 మీటర్లలో సుమారు 11 మి.మీ. సాగుతుంది. పొద్దున్నే కొలిచేయండి. పచ్చి సున్నం వద్దు, పడిపోయినవాళ్ల కళ్లు, చర్మం కాలతాయి. ముగ్గుపిండే మంచిది.

గ్రౌండ్_మార్కింగ్

ధన్యవాదాలు. స్టాగర్‌ని వంపు మీద ఎలా కొలవాలి? టేపు తిన్నగా లాగితే ఎంత తేడా?

లేన్_ఒకటి

చాలా తేడా. ఎనిమిదో లేన్‌లో 53.66 తిన్నగా లాగి గుర్తు పెడితే, వంపు మీద అది 57.42 దగ్గర పడుతుంది. ఆ లేన్ అబ్బాయి 3.76 మీటర్లు తక్కువ పరుగెత్తి గెలుస్తాడు. లేన్ లోపలి గీతకి 20 సెం.మీ. అవతల, 5 మీటర్ల ముక్కలుగా కొలవండి. అప్పుడు ముక్కకి తప్పు రెండున్నర మి.మీ. మాత్రమే. 10 మీటర్ల ముక్కలైతే ముక్కకి 2 సెం.మీ. అవుతుంది.

ఇంతకన్నా మంచి దారి ఉంది. సివిల్ డిపార్ట్‌మెంట్ వాళ్ల థియోడలైట్ (కోణాలు కొలిచే పరికరం) అడగండి. వంపు సెంటర్లో పెట్టి, ఫినిష్ లైన్ నుంచి 67 డిగ్రీల 49 నిమిషాలు తిప్పితే ఎనిమిదో లేన్ స్టార్ట్ దొరుకుతుంది. మిగతా లేన్లకీ అంతే: స్టాగర్‌ని ఆ లేన్ కొలత రేడియస్‌తో భాగించి, 57.2958తో గుణిస్తే డిగ్రీలు. రెండో లేన్ కొలత రేడియస్ 38.02, అక్కడి నుంచి లేన్‌కి 1.22 చొప్పున పెంచుకోండి.

దూరం లెక్క స్టార్ట్ గీతకి వెనక అంచు నుంచి ఫినిష్ గీతకి ముందొచ్చే అంచు దాకా. ఇది చాలా గ్రౌండ్లలో తప్పుతుంది.

నేల_నీరు

గీతలకన్నా నాకు మీ నల్లరేగడి మీద ఎక్కువ బెంగ. నీళ్లు తాగి ఉబ్బి, ఎండకి కుంచించుకుపోతుంది. అడుగు పగిలితే పైన మొరం కూడా అదే గీతలో పగులుతుంది. పగుళ్లలో ఉత్త ఇసుక పోయొద్దు, వానకి కిందికి జారిపోతుంది. జల్లించిన మొరం తడిపి, కూరి, దిమ్మిసతో కొట్టాలి.

లేన్లకి అడ్డంగా లోపలికి 1 శాతం వాలు మించకూడదు. మీ 9.76 వెడల్పుకి అది పది సెంటీమీటర్ల లోపే. పరుగు దిశలో వాలు 0.1 శాతం దాటకూడదు. కెర్బ్ లేదు కాబట్టి నీళ్లన్నీ మధ్య మైదానంలోకి దిగుతాయి. మొదటి లేన్ గీతకి లోపల నిస్సారమైన కాలవ తీసి, గ్రౌండు పల్లపు మూలకి కలపండి. పరుగెత్తేవాడు అదుపుతప్పినా కాలు ఇరుక్కోనంత లోతులేనిదై ఉండాలి.

రోలింగ్‌కి ముందురోజు సాయంత్రం పల్చగా నీళ్లు కొట్టండి. పొద్దున పిడికెడు మొరం నొక్కితే ఉండ కట్టాలి, చేతికి నీరు అంటకూడదు. అంటితే ఆగండి. బురద మీద రోలర్ తోలితే పైన పెచ్చు కట్టి, మధ్యాహ్నానికి స్పైకులకి పొరలుగా లేచిపోతుంది.