ల్యాప్‌టాప్‌ల మంచిగనే ఉంది, టీవీల వత్తులు ఊడిపోతున్నయి

కూకట్‌పల్లి_ఒటాకు:
24 నిమిషాల అనిమే ఎపిసోడ్‌కు ఏజిసబ్‌ల (సబ్‌టైటిళ్లు చేసే సాఫ్ట్‌వేర్) తెలుగు సబ్స్ చేసిన. ల్యాప్‌టాప్‌ల ఎంపీవీ ప్లేయర్‌తో మస్తుంది. అదే ఎపిసోడ్ ఇంకో వీడియో కాపీకి జోడించి పెన్‌డ్రైవ్‌తో టీవీల పెడితే ‘స్త్రీ’ ముక్కలు ముక్కలుగ పడుతున్నది. పైగా చివరికొచ్చేసరికి సబ్స్ నిమిషం ముందే వచ్చేస్తున్నయి. అనువాదం ఇంగ్లిష్ సబ్స్ చూసి చేసిందే. ఏం చెయ్యాలె?

వత్తులబండి:
అక్షరాల వరకు ఫైల్ బాగానే ఉంది, తంటా టీవీది. ‘స్త్రీ’ చూపుకు ఒకటే, ఫైల్లో ఆరు కోడ్‌లు: స, పొల్లు, త, పొల్లు, ర, గుడిదీర్ఘం. వాటిని కలిపి గీయాల్సింది ప్లేయరే. ఎంపీవీలో లిబాస్, హార్ఫ్‌బజ్ అనే లోపలి సాఫ్ట్‌వేర్లు ఆ పని చేస్తాయి, మీ టీవీకి అది చేతకావట్లేదు. ఎంకేవీ వీడియో ఫైల్లో ఫాంట్ అటాచ్ చేసినా అక్కడ లాభం లేదు. వీడియోలు మార్చే ఎఫ్‌ఎఫ్‌ఎంపెగ్‌తో, సీఆర్‌ఎఫ్ (నాణ్యత అంకె) 18 దగ్గర హార్డ్‌సబ్ చేసేయండి, అంటే సబ్స్‌ను వీడియో బొమ్మలోనే కలిపేయండి.

నోటో సాన్స్ తెలుగు బోల్డ్, సైజు 60, అవుట్‌లైన్ 3 చాలు. అంతకంటే మందమైతే వత్తుల కడుపులు పూడిపోతాయి. ఏజిసబ్ స్క్రిప్ట్ ప్రాపర్టీస్‌లో వీడియో వెడల్పు, ఎత్తు 1920, 1080 వేశారా? వేయకపోతే ఎత్తు 288 అనుకుని అదే 60 తెరలో ఐదోవంతు తినేస్తుంది. రెండు లైన్లు పెడితే పై లైను వత్తులు కింది గుడులకు తగులుతాయి, వీలైతే ఒక్క లైనే పెట్టండి.

ఫ్రేమ్‌రేట్_మామ:
నిమిషం తేడా అంటే ఫ్రేమ్‌రేట్ (సెకనుకు ఎన్ని బొమ్మలు) 25, 23.976 గొడవే. మీరు టైమింగ్ చేసింది 25 కాపీ మీద. సబ్‌టైటిల్ ఎడిట్ అనే సాఫ్ట్‌వేర్‌లో ఫ్రేమ్‌రేట్ 25 నుంచి 23.976కు మార్చండి, టైములన్నీ 1.0427 రెట్లవుతాయి. షిఫ్ట్ టైమ్స్‌తో అన్నిటినీ ఒకే లెక్కన జరిపితే మొదలు కుదిరి చివర చెడుతుంది.

పోయొస్తా_సెన్‌పాయ్:
అసలు నష్టం ఇంగ్లిష్ మీదుగా రావడంలో ఉంది. ‘బ్రదర్’ అని చూసి అన్నో తమ్ముడో ఎలా తేలుస్తారు? జపనీస్‌లో ‘నీసాన్’ అంటే అన్నయ్యే, ‘ఒతోతో’ అంటే తమ్ముడే. చెవి పెట్టి వినండి: వాక్యం ‘దెస్’, ‘మస్’తో ముగిస్తే సాధారణంగా ‘మీరు’, ‘ఒమాయె’ వినబడితే ‘నువ్వు’, కోపంలో ‘రా’. ఇల్లు దాటుతూ అనే ‘ఇత్తె కిమస్’ అక్షరాలా మన ‘పోయొస్తా’నే! ఇంగ్లిష్‌లో అది ‘ఐయామ్ ఆఫ్’ అయ్యి చప్పబడిపోతుంది. క్రియ వాళ్లకూ మనకూ చివరే కాబట్టి, లైను వాళ్లు ఆగిన చోటే విరగ్గొట్టండి. ఇంగ్లిష్ వరస పట్టుకుంటే పాత్ర ఇంకా చెప్పని మాట తెర మీద ముందే పడుతుంది.

వత్తులబండి:
టైపింగ్ డీటీపీ సెంటర్‌లో చేయిస్తే యూనికోడ్ అని గట్టిగా చెప్పండి. యూనికోడ్ కాని పాత అను ఫాంట్లలో ఇస్తే సబ్‌లో తెలుగు బదులు పిచ్చి గీతలే. అన్నట్టు, 1957 కాపీరైట్ చట్టం ప్రకారం అనువాద హక్కు కూడా యజమానిదే. ఇంట్లో చూసుకోవడం వేరు, నెట్‌లో పెట్టడం వేరు.