'ఫరెవర్' లాంటి టీనేజ్ ప్రేమ నవలలు బడి లైబ్రరీలో ఉండాలా, వద్దా?

తీరికలేని అమ్మ, డాలస్:

అందరికీ నమస్కారం. 2024 ఆగస్టులో అమెరికాలోని యూటా రాష్ట్రం 13 పుస్తకాలను తన ప్రభుత్వ బడులన్నిటి నుంచి తీసేయించింది. వాటిలో జూడీ బ్లూమ్ రాసిన 'ఫరెవర్' ఒకటి. 1975 నాటి నవల. న్యూజెర్సీలో హైస్కూలు చివరి ఏడాది చదివే క్యాథరిన్, మైకేల్ ప్రేమించుకుంటారు, దగ్గరవుతారు, కొన్ని నెలలకు విడిపోతారు. కథ అంతే.

ఇప్పుడు మా అమ్మాయి బడిలో కూడా ఇలాంటి పుస్తకాల మీద తల్లిదండ్రుల అభిప్రాయం అడుగుతున్నారు. అమ్మాయికి పద్నాలుగేళ్లు. వినికిడి మీద మాట్లాడకూడదని నవల మొత్తం చదివాను. శారీరక సంబంధం గురించి ఏ దాపరికమూ లేకుండా రాశారు. ఇంట్లో మేము ఇంకా ఎత్తని మాట బడి పుస్తకం ముందే చెప్పేయడం నాకు ఇష్టం లేదు. తీసేయమనే రాద్దామనుకుంటున్నాను. మీరేమంటారు?

గోదారి గట్టు:

తప్పకుండా రాయండి. లైబ్రరీ అంటే పుస్తకాల దుకాణం కాదు. బడి ఒక పుస్తకాన్ని కొని అల్మరాలో పెట్టిందంటే, ఇది మీ వయసుకు తగినదని పిల్లలకు హామీ ఇచ్చినట్టే. మన దేశంలో పిల్లలపై లైంగిక నేరాలను అరికట్టే 2012 నాటి పోక్సో చట్టం ప్రకారం పద్దెనిమిదేళ్లు నిండని వారి సమ్మతికి విలువ లేదు. ఇద్దరూ ఇష్టపడ్డామన్నా అబ్బాయి మీద కేసు నడుస్తుంది. చట్టం నేరమంటున్న పనిని నవల సహజమని చెబుతుంటే పిల్లలు దేన్ని నమ్మాలి? అమెరికా చట్టాలు వేరని నాకు తెలుసు. మన ఇళ్ల పద్ధతి మాత్రం విమానం ఎక్కగానే మారిపోదు కదా.

పాత పుస్తకాల పెట్టె:

నాకు అరవై దాటాయి కాబట్టి కొంచెం చనువుగా మాట్లాడతాను. 'చందమామ' మూసిన మర్నాడే వారపత్రిక సీరియల్ తెరిచిన తరం మాది. ఆ రెంటికీ నడుమ పన్నెండేళ్ల పిల్లకో పదిహేనేళ్ల పిల్లకో అంటూ తెలుగులో వేరే అర ఎవరూ కట్టలేదు. అద్దె లైబ్రరీలో రోజుకు ఇంతని చెల్లించి తెచ్చిన నవలను సాంఘిక శాస్త్రం పుస్తకం మధ్య పెట్టుకుని చదివాం. యద్దనపూడి సులోచనారాణి గారి 'సెక్రటరీ' అలాగే చదివాను. నాయిక జయంతి ఆత్మాభిమానం ముచ్చటేసేది. కానీ మా ఊహల్లో మిగిలినవాడు నాయకుడు రాజశేఖరం. డబ్బు, కారు, పొగరు. ఆ నవల చదివాక మా తరగతిలో సగం మందికి పొగరుంటే తప్ప మగవాడిగా ఆనేవాడు కాదు!

ఆ నవలల్లో అభ్యంతరకరమైన దృశ్యం ఒక్కటీ ఉండేది కాదు. అందుకే మా అమ్మ కూడా చదివి, చప్పుడు చేయకుండా దిండు కింద పెట్టేసేది. ఏమీ లేని పుస్తకం ఏమీ నేర్పదనుకోవడం మాత్రం అమాయకత్వం.

లెక్కల మాస్టారు:

ఇంటర్ పిల్లలకు లెక్కలు చెబుతాను. రఫ్ నోటు పుస్తకాల చివరి పేజీలు చూసిన అనుభవంతో ఒక మాట. అక్కడ ఇంకా ఫ్లేమ్స్ ఆట నడుస్తూనే ఉంది. ఇద్దరి పేర్లు ఇంగ్లీషులో పక్కపక్కన రాసి, రెంటిలోనూ ఉన్న అక్షరాలు కొట్టేసి, మిగిలినవి లెక్కపెట్టి, స్నేహమా ప్రేమా పెళ్లా అని తేల్చుకుంటారు. దొరికిపోకుండా పేర్ల మీద నల్లగా రుద్దేస్తారు, లెక్క మాత్రం అలాగే ఉంటుంది. వీళ్లెవరూ 'ఫరెవర్' చదవలేదు, ఆ పేరు కూడా విని ఉండరు.

నన్ను భయపెట్టేది లైబ్రరీ కాదు, ఫోను. అందులో ఉచితంగా దొరికే ప్రేమ కథల్లో నాయకుడు అమ్మాయి వెంటపడతాడు, బెదిరిస్తాడు, గదిలో బంధిస్తాడు. చివరికి ఆమె అతన్నే ప్రేమిస్తుంది. ఆ రాతను సరిదిద్దే సంపాదకుడు లేడు, వయసు చూసి చేతికిచ్చే లైబ్రేరియన్ కూడా లేడు. బడి అల్మరా ఖాళీ అయితే పిల్లలు భారతం వైపు తిరుగుతారనుకుంటున్నారా?

గోదారి గట్టు:

మాస్టారూ, ఫోనులో విషం ఉందని బడిలోనూ ఓ గిన్నెడు పోస్తామా? ఫోను సంగతి ఇల్లు చూసుకుంటుంది. ఇక్కడి ప్రశ్న బడి గురించి.

వెన్నెల చదువరి:

ఈ వేదికలో బహుశా నేనే చిన్నదాన్ని. 'ఫరెవర్' పదహారేళ్లప్పుడు చదివాను. ఇంతవరకు అందరూ ఆ దృశ్యాల గురించే మాట్లాడారు, ముగింపు మాట ఎవరూ ఎత్తలేదు.

ఈ నవల ఎందుకు రాశారో జూడీ బ్లూమ్ చాలాసార్లు చెప్పారు. ఆమె కూతురు ఆ రోజుల్లో చదివిన టీనేజ్ కథల్లో తొందరపడిన ఆడపిల్లకు ఏదో ఒక శిక్ష తప్పేది కాదు. గర్భం వచ్చేది, లేదా ప్రాణం పోయేది. ఇద్దరు మంచి పిల్లలు ప్రేమించుకుని, ఎవరూ చావకుండా ఉండే కథ కావాలని ఆ పిల్ల అడిగింది. మన దగ్గరా అంతేగా? 'మరోచరిత్ర' సినిమా 1978లో ఇద్దర్నీ చంపింది. 2000లో వచ్చిన 'చిత్రం' సినిమా కాలేజీ పిల్లలకు బిడ్డనిచ్చి పెళ్లి చేసింది. తెలుగులో తొలి ప్రేమకు రెండే దారులు, తాళి లేదా పాడె. ప్రేమ మామూలుగా అయిపోయి, మర్నాడు లేచి పళ్లు తోముకుని కాలేజీకి వెళ్లిన అమ్మాయి మన కథల్లో ఎక్కడ ఉంది?

'ఫరెవర్'లో క్యాథరిన్ పద్దెనిమిదో పుట్టినరోజుకు మైకేల్ గొలుసు ఇస్తాడు. దాని బిళ్ల మీద 'ఎప్పటికీ' అని చెక్కించి ఉంటుంది. ఆ వేసవిలో ఆమె న్యూహాంప్‌షైర్‌లో ఓ శిబిరంలో పిల్లలకు టెన్నిస్ నేర్పడానికి వెళ్తుంది. అక్కడ థియో అనే మరో యువకుడి మీద మనసు పోతుంది. మైకేల్ చూడటానికి వచ్చినప్పుడు ఆ సంగతి అతనికి చెప్పాల్సివస్తుంది. అక్కడ మోసగాడు లేడు, బలైపోయిన అమ్మాయి లేదు. మనసు మారింది ఆమెదే. నాకు ఆ వయసులో ఆశ్చర్యం వేసింది మంచం దృశ్యం చదివి కాదు, ఇది చదివి. వద్దని చెప్పే హక్కు అమ్మాయికి ఉందని, అది విన్న అబ్బాయి ఏడ్చినా కోప్పడినా బతుకుతాడని మన సినిమా ఏదీ నాకు చెప్పలేదు. కాదన్న పిల్ల మీద యాసిడ్ పోసిన వార్తలు వినే చోట పెరిగాం కదా!

ఇంకోటి. 2005లో వచ్చిన 'ట్విలైట్' నవలలో నాయకుడు రాత్రిపూట చెప్పకుండా అమ్మాయి గదిలోకి వచ్చి ఆమె నిద్రపోతుంటే చూస్తూ కూర్చుంటాడు. పెళ్లయ్యేదాకా హద్దు దాటరు కాబట్టి మా బడిలో ఏ తల్లీ దానికి అడ్డు చెప్పలేదు.

తీరికలేని అమ్మ, డాలస్:

వెన్నెల గారూ, ముగింపు గురించి మీరన్నది నిజమే, నాకూ నచ్చింది. కానీ నా భయం వేరే చోట ఉంది. ఆ నవలలో క్యాథరిన్ అమ్మమ్మ గర్భనిరోధం గురించిన కరపత్రాలను పోస్టులో పంపుతుంది. క్యాథరిన్ న్యూయార్క్‌లో క్లినిక్‌కు వెళ్తుంది. డాక్టరు తీర్పులు చెప్పకుండా మాత్రలు రాస్తారు. అంటే ఆ పిల్ల చుట్టూ ఒక వల ఉంది, జారినా పట్టుకుంటుంది. మా అమ్మాయి అమ్మమ్మ గుంటూరు నుంచి వీడియో కాల్‌లో "ఎవరితోనైనా మాట్లాడుతున్నావా?" అని అడిగిందంటే అది విచారణే. వల లేని పిల్లకు ఆ దూకడం ఒక్కటే చూపిస్తే ఎలా?

పాత పుస్తకాల పెట్టె:

అమ్మా, అమ్మమ్మ పంపని కరపత్రానికి పుస్తకాన్ని నిందిస్తే ఎలా? ఇంట్లో మేము ఎత్తని మాట అని మొదట్లోనే మీరే రాశారు. ఎప్పుడు ఎత్తుతారు?

లెక్కల మాస్టారు:

పెద్దావిడ గట్టిగా అడిగారు, నేను కొంచెం సర్దుబాటుగా మాట్లాడతాను. వయసు సంగతిలో తల్లిగారి భయం న్యాయమే. పద్నాలుగుకీ పదిహేడుకీ చాలా తేడా. మిడిల్ స్కూలు అల్మరాలో 'ఫరెవర్' అక్కర్లేదు, హైస్కూలు చివరి రెండేళ్లకు ఉండనివ్వాలి. నిజానికి దాని మొదటి ప్రచురణకర్తలు పెద్దల నవలగానే అచ్చేశారు.

యూటా పద్ధతి మాత్రం నాకు మింగుడుపడదు. అక్కడ 41 జిల్లాల పాఠశాల బోర్డులుంటే, మూడు కాదంటే చాలు, మిగతా అన్నిచోట్లా పుస్తకం పోతుంది. నా పిల్లకు వద్దని చీటీ రాసివ్వడం వేరు, ఊరందరి పిల్లలకూ వద్దనడం వేరు.

పద్నాలుగేళ్ల పిల్లకు ప్రేమ కథ ఏదైనా ఇవ్వాలంటే సంధ్యా మీనన్ 2017లో రాసిన 'వెన్ డింపుల్ మెట్ రిషి' ముందు మీరు చదివి చూడండి. భారతీయ అమెరికన్ పిల్లలు, పెళ్లి సంబంధం, కంప్యూటర్ కోర్సు, ముఖాన చల్లటి కాఫీ. మన ఇళ్ల గొడవే అది.

గోదారి గట్టు:

చీటీ రాసిస్తే మీ అమ్మాయి చదవదా? పక్క సీటు పిల్ల తీసుకుని బస్సులో ఇస్తుంది. పెట్టె గారు సాంఘిక శాస్త్రం పుస్తకంలో దాచుకున్నది మరిచిపోయారా? నా ఓటు ఇప్పటికీ తీసేయడానికే.

తీరికలేని అమ్మ, డాలస్:

బడికి పంపబోయేది ఇది: తొమ్మిది, పది తరగతులకు వద్దు, పదకొండు నుంచి ఉంచండి, ఎవరి పిల్లల సంగతి వారే రాసివ్వాలి. గోదారి గట్టు గారికి ఇది సగం పని అనిపిస్తుంది, తెలుసు. పెట్టె గారి ప్రశ్నకు ఇంకా జవాబు రాయలేదు. ఈ శనివారం అమ్మాయిని ఈతకు తీసుకెళ్తున్నాను, కారులో ఇరవై నిమిషాలు ఇద్దరమే ఉంటాం. ఎక్కడ మొదలుపెట్టాలో చెప్పగలిగినవారు ఉంటే చెప్పండి.