రామప్ప కాలపు నవలలో కాలాన్ని ఆపే గడియ కుడుక: దానికి ఏ హద్దులు పెట్టాలి?

ప్రశ్న (హనుమకొండ రచయిత్రి)

అందరికీ నమస్కారం. క్రీ.శ. 1213 నాటి శాసనమున్న రామప్ప గుడి కాలాన్ని నేపథ్యంగా తీసుకుని ఒక మాయాకథను నవలగా రాస్తున్నాను. పాలంపేటలో రేచర్ల రుద్రుడు గుడి కట్టిస్తున్న రోజుల్లో, తలుపులకు ఇత్తడి రేకు తొడుగులు చేయడానికి పెంబర్తి నుంచి వచ్చిన ఒక కంచరి కుటుంబం అందులో ఉంటుంది. ఆ కుటుంబమూ, తొడుగులూ నా కల్పనే. వాళ్లింట్లో తరతరాలుగా వస్తున్న ఒక చిన్న రాగి పాత్ర ఉంటుంది. కొబ్బరి కుడుక ఆకారంలో, అడుగున సూదిమొనంత రంధ్రంతో ఉండే ఆ పాత్రను గడియ కుడుక అంటారు. దాన్ని నీళ్ల గంగాళంలో వదిలితే, అది నిండి మునిగేదాకా పనివాడి పీట చుట్టూ మూరెడు మేర కాలం అతడు చెప్పినట్టు వింటుంది. ఆగమంటే ఆగుతుంది, పరుగెత్తమంటే పరుగెత్తుతుంది, వెనక్కి రమ్మంటే వస్తుంది.

మొదటి మూడు అధ్యాయాలు చదివిన మా అక్క, "గింత మాయ ఇంట్ల ఉంటే గాళ్లకు పని నేర్చుకునే అక్కరేంది?" అని అడిగింది. వారం రోజులుగా నాకు సమాధానం దొరకలేదు. చేతి నైపుణ్యాన్ని చిన్నబుచ్చకుండా ఈ కుడుకకు ఎలాంటి హద్దులు పెట్టాలో, పని తెలిసినవారు చెప్పగలరా?

జవాబు 1 (కరీంనగర్, విశ్రాంత ఉపాధ్యాయుడు)

అమ్మా, మీ కుడుకకు మూలం నిజంగానే ఉంది. రోజుకు 60 గడియలు. ఒక్కో గడియ 24 నిమిషాలు, అందులో 60 విఘడియలు. గడియను కొలవడానికి మన పూర్వులు అడుగున రంధ్రమున్న రాగి గిన్నెను నీటిపై తేలనిచ్చి, అది మునిగినప్పుడల్లా ఒక గడియ గడిచినట్టు లెక్క పెట్టేవారు. కాబట్టి మాయ ఒక గడియకు మించి నిలవదన్నది మీకు సహజంగా దొరికే మొదటి హద్దు.

రెండో హద్దు రాగి స్వభావంలోనే ఉంది. రంధ్రం దగ్గర చిలుము పడితే నీరు నెమ్మదిగా ఎక్కి గిన్నె ఆలస్యంగా మునుగుతుంది. చిలుము పోవాలని చింతపండు పెట్టి తోమితే, ఏళ్ల మీద రంధ్రం అంచు అరిగి వెడల్పవుతుంది, అప్పుడు గిన్నె త్వరగా మునుగుతుంది. అంటే వాడిన ప్రతి తరమూ తరువాతి తరానికి కొంచెం తక్కువ కాలాన్ని అందిస్తుంది. దీనికోసం మీరు వేరే శాపాన్ని కల్పించనక్కరలేదు.

జవాబు 2 (పెంబర్తి, నగిషీ పనివారి కుటుంబం)

మీ అక్కగారు అడిగింది సరైన ప్రశ్న. మా పనిలో కాలం ఎక్కడ అవసరమో, ఎక్కడ ఎందుకూ పనికిరాదో ముందు చూడండి. ఇత్తడి రేకును కొట్టేకొద్దీ అది బిరుసెక్కుతుంది. ఆ బిరుసు ఎన్ని గడియలు ఆగినా పోదు; కొలిమిలో కాల్చి మెత్తబరచవలసిందే. అక్కడ మీ కుడుక చేయగలిగింది ఏమీ లేదు, ఉండకూడదు కూడా.

లక్క సంగతి వేరు. రేకును వేడి లక్క మీద అంటించి, వెనుక వైపు నుంచి ఉలితో కొడుతూ బొమ్మను ఉబ్బిస్తాం. లక్క మరీ వేడిగా ఉంటే దెబ్బ అనుకున్నదానికంటే లోతుకు దిగుతుంది, చల్లారితే పెళుసుబారి పెళ్లలుగా ఊడి, కింద ఆసరా లేని రేకు చిట్లుతుంది. ఈ రెంటి మధ్య లక్క చెప్పినట్టు వినే సమయం కొద్దిసేపే ఉంటుంది. నా పన్నెండో ఏట సింహముఖం దవడ దగ్గర రేకు చిట్లించాను. తాత తిట్టలేదు. "లక్క సల్లవడ్డది, సప్పుడు ఇనవడ్తలేదార?" అన్నాడు. వెచ్చని లక్క మీద దెబ్బ మొద్దుగా పలుకుతుందని, చల్లారిన లక్క మీద ఖంగుమంటుందని ఆ రోజు తెలిసింది.

అందుకే నా సలహా ఒక్కటే: మీ కుడుక పనిని తగ్గించకూడదు, ఆ కొద్దిసేపటిని నిలిపి ఉంచాలి. అదీ చప్పుడును బట్టి ఆ క్షణాన్ని పసిగట్టి కుడుకను నీటిలో వదలగలిగినవాడికే దక్కాలి. లక్క వేడి ఆగినా మణికట్టు అలసట ఆగకూడదు.

జవాబు 3 (ఆసిఫాబాద్)

పై మాటతో ఏకీభవిస్తూనే, కాలాన్ని పరుగెత్తించడం గురించి ఒక మాట చెప్తాను. మా వైపు గోండులకు దేవతా ప్రతిమలు, గంటలు పోతపోసి ఇచ్చే ఓజాలు మట్టి అచ్చు మీద తేనెమైనపు తీగలు చుట్టి, పైన మళ్లీ మట్టి పూసి నీడలో ఆరబెడతారు. తొందరపడి ఎండలో పెడితే పైపొర ముందే బిగుసుకుని పగుళ్లిస్తుంది. మీ కుడుకతో మూడు రోజుల ఆరుదలను ఒక గడియలోకి తెచ్చారనుకోండి, మట్టిలోని తడి ఎక్కడికి పోతుంది? మూరెడు మేరలో ఉన్న గాలి తడితో నిండిపోతుంది, బయటి గాలి తన మామూలు వేగంతోనే వస్తుంది. ఆ లెక్కన అచ్చు పచ్చిగానే మిగులుతుంది.

కాలాన్ని వెనక్కి తిప్పడం మాత్రం పూర్తిగా వదిలేయండి. మైనం కరిగిపోయిన చోటికి కరిగించిన లోహం చేరుతుంది, ఆ తరువాత అచ్చును పగలగొడితేనే బొమ్మ బయటపడుతుంది. ఒక అచ్చుకు ఒకే బొమ్మ. పగిలిన అచ్చును తిరిగి తెచ్చుకోగలిగితే ఓజా చేతిలోని ప్రతిమకు ఆ ఒంటరితనం ఉండదు.

రచయిత్రి

మీ అందరికీ కృతజ్ఞతలు. వెనక్కి తిప్పడాన్ని ఈ రాత్రే తీసేశాను, పరుగును కూడా. కుడుక ఇక ఆపడం ఒక్కటే చేస్తుంది. కథ మొదలయ్యేసరికి అది నాయనమ్మ చేతిలో అరిగి 50 విఘడియలకే, అంటే 20 నిమిషాలకే మునుగుతుంది. మనుమడు లక్క చల్లారాక దాన్ని నీటిలో వదిలి, ఖంగుమనే చప్పుడునే 20 నిమిషాల పాటు వింటూ కూర్చుంటాడు. నాలుగో అధ్యాయం అక్కడి నుంచి మళ్లీ రాస్తున్నాను. పెంబర్తి వారికి అభ్యంతరం లేకపోతే, తాతగారి మాటను నాయనమ్మ నోట పెట్టుకుంటాను.