తొలి మహిళా గ్రాండ్‌మాస్టర్ ఎవరు? ఉగాది క్విజ్‌లో నేను వేసిన మార్కు సరైనదేనా?

తెల్లగుర్రం (చెన్నై):
మొగప్పేర్‌లోని మా అపార్ట్‌మెంట్‌లో తెలుగువాళ్లమంతా కలిసి ఏటా ఉగాదినాడు పిల్లలకు క్విజ్ పెడతాం. ఈసారి చదరంగం ప్రశ్నలు తయారుచేసే పని నాకు అప్పగించారు. మా అబ్బాయిని మూడేళ్లుగా చదరంగం తరగతులకు తీసుకెళ్తున్నాను కాబట్టి సంతోషంగా ఒప్పుకున్నాను.

చివరి ప్రశ్న ఇది: ‘మన దేశపు తొలి మహిళా గ్రాండ్‌మాస్టర్ ఎవరు?’ నా కాగితం మీద జవాబు కోనేరు హంపి. ఏడో తరగతి పాప ఒకతి లేచి, తడుముకోకుండా, ‘విజయలక్ష్మి’ అంది. తప్పని చెప్పి అవతలి జట్టుకు ఇచ్చాను. వాళ్లు హంపి అన్నారు, ఒక్క మార్కుతో గెలిచారు. ఆ పాప వాదించలేదు. చేతిలోని కాగితం మడిచి కూర్చుంది.

భోజనాల దగ్గర వాళ్ల తాతగారు నా దగ్గరకు వచ్చారు. ఆయనది తమిళం, కోడలు మన తెలుగమ్మాయే. ‘విజయలక్ష్మి మా చెన్నై అమ్మాయి, మా మనవరాలు ఊరికే చెప్పలేదమ్మా’ అని మాత్రం అన్నారు. హంపి మన అమ్మాయి అన్న అభిమానంతో నేను తొందరపడ్డానా? రెండు రోజులుగా మనసులో అదే మెదులుతోంది. తెలిసినవారు చెప్పండి.

పెరంబూరు మాస్టారు:
అమ్మా, మీ జవాబు తప్పు కాదు, పాప జవాబూ తప్పు కాదు. చిక్కు ‘మహిళా గ్రాండ్‌మాస్టర్’ అన్న మాటలోనే ఉంది. మన పత్రికలు ఈ ఒక్క మాటను రెండు వేరువేరు బిరుదులకు వాడుతున్నాయి. జిల్లా పోటీలకు ఆర్బిటర్‌గా, అంటే ఆట నిర్ణేతగా, వెళ్లిన రోజుల్లో తల్లిదండ్రులకు దీన్ని ఎన్నోసార్లు విడమరిచి చెప్పాను. ఇప్పుడు మీకూ చెబుతాను.

గ్రాండ్‌మాస్టర్ బిరుదు ఆడా మగా అందరికీ ఒక్కటే. ఫిడే, అంటే అంతర్జాతీయ చదరంగ సమాఖ్య, 1950లో మొదటిసారి 27 మందికి ఇచ్చింది. ఇప్పటి నియమాల ప్రకారం రేటింగ్, అంటే ఆటల ఫలితాలను బట్టి ఆటగాడి బలానికి వేసే అంకె, ఒక్కసారైనా 2500కు చేరాలి, నార్మ్‌లు సంపాదించాలి. నార్మ్ అంటే గట్టి ఆటగాళ్లున్న పోటీలో 2600 స్థాయి ఆట ఆడి చూపించడం. మామూలుగా అలాంటివి మూడు కావాలి, అన్నీ కలిపి 27 ఆటలకు తగ్గకూడదు. స్త్రీలలో ఈ బిరుదు మొదట పొందినవారు జార్జియాకు చెందిన నోనా గాప్రిందాష్విలి, 1978లో.

ఉమన్ గ్రాండ్‌మాస్టర్ అన్నది వేరే బిరుదు. 1976లో మొదలైంది, స్త్రీలకు మాత్రమే ఇస్తారు. రేటింగ్ 2300 చాలు, నార్మ్ స్థాయి 2400. మన దేశంలో దీన్ని మొదట సాధించినది చెన్నైకి చెందిన ఎస్. విజయలక్ష్మి, 2001లో. ఆ మరుసటి ఏడాది హంపి పెద్ద బిరుదే గెలిచింది. అప్పటికి ఆమెకు 15 ఏళ్ల ఒక నెల 27 రోజులు. హంగరీకి చెందిన జూడిత్ పోల్గార్ పేరిట ఉన్న రికార్డును దాటి, అప్పట్లో ప్రపంచంలోనే అతి చిన్న వయసులో గ్రాండ్‌మాస్టర్ అయిన స్త్రీగా నిలిచింది. గుడివాడలో పుట్టిన పిల్ల. ‘చాంపియన్’ అన్న మాటలోంచి పేరు తీసి పెట్టిన తండ్రే గురువయ్యాడు. ఆ వార్త చదివిన రోజు నాకు ఎంత గర్వంగా అనిపించిందో మాటల్లో చెప్పలేను.

అయినా విజయలక్ష్మి ఘనతను తక్కువ చేయకూడదు. ముందు నడిచినవారికి దారి చూపేవాళ్లు ఉండరు. మీ ప్రశ్నను ‘గ్రాండ్‌మాస్టర్ బిరుదు పొందిన తొలి భారతీయ మహిళ ఎవరు’ అని అడిగి ఉంటే హంపి ఒక్కటే జవాబు. మీరు అడిగిన తీరులో మాత్రం పాపకు మార్కు రావలసిందే. నా తీర్పు అదే.

గుంటూరు ఎండ (బెంగళూరు):
మాస్టారితో ఏకీభవిస్తున్నాను. హంపి తర్వాత ఆ పెద్ద బిరుదుకు మరో భారతీయ మహిళ రావడానికి తొమ్మిదేళ్లు పట్టింది: మా గుంటూరు అమ్మాయి ద్రోణవల్లి హారిక, 2011లో. ఆ తర్వాత చెన్నై వైశాలి 2023 డిసెంబరులో 2500 దాటింది. నాలుగో ఆమె నాగపూర్ దివ్యా దేశ్‌ముఖ్. 2025లో జార్జియాలోని బతూమిలో మహిళల ప్రపంచ కప్ ఫైనల్లో హంపినే ఓడించి, ఒక్క నార్మ్ కూడా లేకుండా ఆ గెలుపుతోనే గ్రాండ్‌మాస్టర్ అయింది. నిబంధనల్లో ఆ వెసులుబాటు ఉంది.

తెల్లగుర్రం (చెన్నై):
ఇద్దరికీ నమస్కారం. ఇంకొక్క మాట అడగాలి. అదే క్విజ్‌లో ‘అతి పిన్న వయసు ప్రపంచ చాంపియన్’ అన్న ప్రశ్నకు గుకేశ్ అని రాసుకున్నాను. అందులోనూ ఏమైనా చిక్కు ఉందా?

పెరంబూరు మాస్టారు:
ఉందమ్మా. గుకేశ్ 2024 డిసెంబరు 12న సింగపూర్‌లో డింగ్ లిరెన్‌ను 7.5–6.5తో గెలిచేనాటికి 18 ఏళ్ల ఆరు నెలలవాడు. 1985లో 22 ఏళ్లకు గెలిచిన కాస్పరోవ్ రికార్డును చెరిపేశాడు. కానీ 1993 నుంచి 2006 వరకు ప్రపంచ కిరీటం రెండుగా చీలి ఉంది. ఆ కాలంలో, 2002 జనవరిలో, ఉక్రెయిన్‌కు చెందిన పొనమరియోవ్ ఫిడే పోటీ గెలిచాడు. అతనికి అప్పుడు 18 ఏళ్ల మూడు నెలలు. మరో పక్క, చీలిన రెండో కిరీటంతో, రష్యాకు చెందిన క్రామ్నిక్ కూడా చాంపియనే. అందుకే గుకేశ్‌ను ‘తిరుగులేని చాంపియన్లలో’ చిన్నవాడు అనాలి. మహిళల కిరీటాన్ని కూడా లెక్కలోకి తీసుకుంటే చైనా అమ్మాయి హౌ యిఫాన్ 2010లో 16 ఏళ్లకే గెలిచింది.

చెన్నైలో పుట్టిన తెలుగింటి పిల్లవాడి మీద మనకున్న ప్రేమ వల్ల ఆ ‘తిరుగులేని’ అన్న మాట జారిపోకూడదు. అది ఉంటేనే అతని రికార్డు గట్టిగా నిలుస్తుంది.

తెల్లగుర్రం (చెన్నై):
నిన్న సాయంత్రం పాప ఇంటికి వెళ్లి, ‘నా ప్రశ్న సరిగా లేదమ్మా, నీ జవాబు ఒప్పే’ అని తాతగారి ఎదుటే చెప్పాను. రెండు జట్లకూ సమానంగా బహుమతి ఇవ్వడానికి సంఘం పెద్దలు ఒప్పుకున్నారు. పాప లోపలికి వెళ్లి ఒక నోటుపుస్తకం తెచ్చింది. పత్రికల్లోంచి కత్తిరించిన బొమ్మలు అంటించి, కింద బిరుదూ సంవత్సరమూ రాసుకుంది. విజయలక్ష్మి కింద తమిళంలో ‘2001’ అని ఉంది. వైశాలి బొమ్మ పక్కన మాత్రం చోటు ఖాళీ.

‘హంపి, హారిక, తర్వాత వైశాలి అక్క. మూడో ఆమె కదా, ఆంటీ?’ అని అడిగింది.

మూడో ఆమే అని చెప్పాను. నా ముందే రాసుకుంది.