థింద్ కేసు తీర్పు రాసిన జార్జ్ సదర్లాండ్‌ని మనం తిట్టుకోవాలా, వదిలెయ్యాలా?

మునగచెట్టు:
మొన్న శనివారం పొట్లక్‌లో బిర్యానీ దగ్గర మొదలైన వాదన ఇంటికొచ్చినా తెగలేదు. అందుకే ఇక్కడ పెడుతున్నాను. భారతీయులు ‘తెల్లవాళ్ళు’ కారు, కాబట్టి పౌరసత్వానికి పనికిరారు అని అమెరికా సుప్రీంకోర్టు 1923 ఫిబ్రవరి 19న భగత్ సింగ్ థింద్ కేసులో తేల్చేసింది. ఆ తీర్పు రాసినవాడు జార్జ్ సదర్లాండ్. యూటా లాయరు, పన్నెండేళ్ళు సెనేటర్, 1922లో అధ్యక్షుడు హార్డింగ్ ఈయన్ని సుప్రీంకోర్టు జడ్జిని చేశాడు. ‘ఆ కాలం మనిషి’ అని ఈయన్ని వదిలెయ్యడం నాకు ఇష్టం లేదు. పుట్టింది ఇంగ్లాండ్‌లో, యూటాకి వచ్చేనాటికి చంటిపిల్లాడు. వలస వచ్చినవాడే మన మొహం మీద తలుపు వేశాడు.

నల్లకోటు:
తలుపు వేసింది ఆయన కాదండి. పౌరసత్వం ‘స్వేచ్ఛ ఉన్న తెల్లవాళ్ళకి’ మాత్రమే అని 1790 చట్టంలోనే ఉంది. అంతర్యుద్ధం అయ్యాక 1870లో ఆఫ్రికా మూలాలవాళ్ళని చేర్చారు, ఆసియావాళ్ళని చేర్చలేదు. 1917లో కాంగ్రెసే భారతదేశం నుంచి వలసలు ఆపేసింది. అసలు దేశంలోకే రానివ్వనివాళ్ళని పౌరులుగా కాంగ్రెస్ ఒప్పుకుంటుందా అన్నది తీర్పులో ఒక పాయింటు. లాయరుగా చూస్తే అందులో తప్పేం కనిపించదు నాకు.

మునగచెట్టు:
సార్, ఆ 1917 చట్టం పాసైనప్పుడు ఆయన ఇంకా సెనేట్‌లోనే ఉన్నాడు! 1916 ఎన్నికల్లో ఓడిపోయినా పదవీకాలం మార్చి దాకా ఉంది. (ఓడించింది విలియం కింగ్, ఒకప్పుడు ప్రోవోలో ఆయనకి లా పార్ట్‌నరు. రాజకీయం ఎక్కడైనా రాజకీయమే.)

సరే, అది పక్కన పెట్టండి. నాకు మింగుడుపడనిది వేరే ఉంది. 1922 నవంబరులో టకావో ఒజావా కేసు వచ్చింది. జపాన్‌లో పుట్టాడు, అమెరికాలో చదువుకున్నాడు, ఇంట్లో మాట్లాడేది ఇంగ్లీషే, ఒంటి రంగు చూస్తే తెలుపే. తెలుపంటే ఒంటి రంగు కాదు, కాకేసియన్ జాతి (అప్పటి జాతిశాస్త్రం యూరప్‌వాళ్ళని చేర్చిన జాతి) అని ఆయన్ని పంపేశాడు సదర్లాండ్. సుమారు మూడు నెలలకి థింద్ వంతు. మీరు చెప్పే జాతిశాస్త్రం ప్రకారమే మేం కాకేసియన్లం కదా అన్నారు ఆయన తరఫువాళ్ళు. అప్పుడేమో శాస్త్రం సంగతి వద్దు, మామూలు మనిషి ఎవర్ని తెల్లవాడంటే వాడే తెల్లవాడు అని రాశాడు. జడ్జి మారలేదు, చట్టం మారలేదు. పళ్ళెంలో కూర్చున్న మనిషిని బట్టి తూకంరాయి మారింది.

పెరుగుమిరప:
మనవైపు కూడా కొంచెం చూసుకుందామా? కోర్టు ముందు పెట్టిన ప్రశ్నే ‘అమృత్‌సర్‌లో పుట్టిన ఉన్నత కులపు హిందువు తెల్లవాడా కాదా’ అని. మనిషేమో తలపాగా చుట్టిన సిక్కు. పెళ్ళి సంబంధాల దగ్గర తెల్ల అమెరికన్ నల్లవాళ్ళని ఎలా చూస్తాడో, పెద్దకులం హిందువు కూడా అక్కడి ఆదివాసుల్ని అలాగే చూస్తాడని థింద్ తరఫు వాదనలో రాసుకున్నారు. మేమూ ఆ పనే చేస్తున్నాం, మమ్మల్ని మీలో కలుపుకోండి అన్నట్టు. దానికి జవాబుగా సదర్లాండ్, ఆర్యులు నల్లటి ద్రావిడులతో కలిసిపోయారు కదా, ఇంక స్వచ్ఛమైన రక్తం ఎక్కడిది అనే ధోరణిలో రాశాడు. చదువుతుంటే నాకు నవ్వొచ్చింది. రెండువైపుల వాళ్ళకీ పనికిరాని సరుకు మనమే, కృష్ణా గోదావరి వాళ్ళం.

నల్లకోటు:
ఆ వాదన చూస్తే సిగ్గేస్తుంది, నిజమే. కానీ ఒక్క తీర్పుతో మనిషిని తూచకండి. ఆడవాళ్ళకి ఓటుహక్కు ఇచ్చే సవరణని సెనేట్‌లో ప్రవేశపెట్టినవాళ్ళలో ఈయన ఒకడు. 1932లో స్కాట్స్‌బరో కేసులో నల్లజాతి కుర్రాళ్ళకి మరణశిక్ష పడితే, సరైన లాయరు సాయం లేకుండా నడిపిన విచారణ చెల్లదని రాసింది కూడా ఈయనే.

మునగచెట్టు:
ఓటుహక్కు సంగతి మీరే ఎత్తారు కాబట్టి చెప్తున్నాను. మన తీర్పు వచ్చి రెండు నెలలు తిరక్కుండానే, రాజధాని వాషింగ్టన్‌లో ఆడవాళ్ళకి కనీస వేతనం ఇచ్చే చట్టాన్ని కొట్టేశాడు. ఓటు వచ్చింది, సమానమైపోయారు, ఇంక ప్రత్యేక రక్షణ ఎందుకన్నది ఒక కారణం. హోటల్లో పనిచేసే ఆవిడ ఓటుతో అద్దె కట్టాలన్నమాట. స్కాట్స్‌బరో తీర్పుకి మాత్రం దణ్ణం పెడతాను.

ఉప్పుచేప:
మీరంతా లా పాయింట్లు మాట్లాడుతున్నారు. మనుషుల మాటేంటి? థింద్ మొదటి ప్రపంచయుద్ధంలో అమెరికా సైన్యంలో చేసినవాడు. ఈ తీర్పు చూపించి, అప్పటికే పౌరులైన భారతీయుల కాగితాలు కూడా లాక్కున్నారు. శాన్‌ఫ్రాన్సిస్కో వ్యాపారి వైష్ణో దాస్ బగాయ్ 1921లో పౌరుడయ్యాడు. అది పోయాక, పౌరసత్వానికి పనికిరానివాళ్ళకి భూమి ఉండకూడదనే కాలిఫోర్నియా చట్టం వల్ల ఆస్తి నిలవలేదు. బంధువుల్ని చూడ్డానికి ఇండియా వెళ్దామంటే అమెరికా పాస్‌పోర్టు ఇవ్వలేదు. 1928లో ప్రాణం తీసుకున్నాడు, ఎందుకో ఉత్తరం రాసి పెట్టి మరీ.

మన భీమవరం సైంటిస్టు యల్లాప్రగడ సుబ్బారావు గారికి కూడా, బోస్టన్‌లో చదువుకుంటున్న రోజుల నుంచి 1946 దాకా ఇదే అడ్డుగోడ. ఆ ఏడాది కొత్త చట్టంతో భారతీయులకి దారి తెరుచుకుంది, ఏడాదికి వందమందికే వలస కోటా ఇచ్చినా. ఆయన మాత్రం పౌరుడు కాకుండానే 1948లో పోయారు. గ్రీన్‌కార్డు క్యూలో పదకొండో ఏడు నాకు. ఇంట్లో టెన్షన్ పడినప్పుడల్లా ఆయన గుర్తొస్తారు.

నల్లకోటు:
ఒజావా, థింద్ తేడా విషయంలో నా దగ్గర జవాబు లేదు, ఒప్పుకుంటున్నాను. కానీ అది ఏకగ్రీవ తీర్పు. ఆ బెంచి మీద హోమ్స్ ఉన్నాడు, ఉదారవాదిగా పేరున్న, మీ అందరికీ ఇష్టమైన బ్రాండైస్ కూడా ఉన్నాడు. ఒక్కరూ నోరు విప్పలేదు. బ్రాండైస్‌ని తిట్టే థ్రెడ్ ఎప్పుడు పెడుతున్నారు మునగచెట్టు గారూ?

మునగచెట్టు:
వచ్చే శనివారం. బిర్యానీ మీ ఇంట్లో.